అన్‌రావెల్: చిక్కు విడిపోవడం, నేత ఊడిపోవడం

ఇంగ్లీషులో ‘అన్‌రావెల్’ అనే క్రియ కోసం నిఘంటువు తెరిస్తే మూడు అర్థాలు కనిపిస్తాయి. అల్లినదాన్ని గానీ నేసినదాన్ని గానీ పోగులుగా విడదీయడం మొదటిది. చిక్కైన విషయాన్ని ఛేదించి తేటతెల్లం చేయడం రెండవది. సాఫీగా సాగుతున్న ఏర్పాటు పట్టు తప్పి చెడిపోవడం మూడవది. మన ఆలంకారికుల పరిభాషలో చెప్పాలంటే మొదటిది వాచ్యార్థం, అంటే మాట నేరుగా చెప్పే అర్థం; తక్కిన రెండూ లక్ష్యార్థాలు, అంటే దాని నుంచి పోలికతో సాగిన అర్థాలు. అనంతపురంలో డిగ్రీ విద్యార్థులకు ఇంగ్లీషు పాఠాలు చెప్పే నాకు ఈ మాట దగ్గర దాదాపు ప్రతి తరగతిలోనూ ఒకే ప్రశ్న ఎదురవుతుంది. మిస్టరీ అన్‌రావెల్ అయిందంటే మేలు జరిగినట్టు, ప్లాన్ అన్‌రావెల్ అయిందంటే కొంప మునిగినట్టు ఎందుకు అర్థం చేసుకోవాలి, ఒకే మాట ఈ రెండింటినీ ఎట్లా మోస్తుంది అని పిల్లలు అడుగుతారు. సందర్భాన్ని బట్టి అని చెప్పి తప్పించుకోవచ్చు గానీ, ఆ జవాబు ప్రశ్నను కాస్త దూరం జరుపుతుందే తప్ప తీర్చదు.

జవాబు నిఘంటువులో కంటే నూలులో బాగా దొరుకుతుందని నా అభిప్రాయం. మా విద్యార్థుల్లో ధర్మవరం నుంచి రోజూ రైలెక్కి వచ్చేవాళ్లు ఉన్నారు. వాళ్లలో కొందరి ఇళ్లలో మగ్గాలు ఉన్నాయి. (ధర్మవరం 2022 ఏప్రిల్ నుంచి శ్రీ సత్యసాయి జిల్లాలోకి వెళ్లింది గానీ, మాటల్లో అందరికీ ఇంకా అనంతపురం జిల్లానే.) పట్టుతో పని చేసే ఇంట్లో విడదీయడమనేది రెండు వేరు వేరు సందర్భాల్లో వస్తుంది, ఆ రెండింటి తీరూ ఒకటి కాదు.

మొదటిది చిక్కు తీయడం. కండెలు చుట్టేటప్పుడు పట్టు చిలప, అంటే పట్టుపోగుల చుట్ట, ఒక్కోసారి చిక్కుపడుతుంది. నేను ధర్మవరంలో ఒక ఇంటి వసారాలో చూసిన అవ్వ అటువంటి చిలపను మోకాళ్ల మీద పరుచుకుని, కొన కోసం వెతకకుండా, రెండు చేతుల వేళ్లతో మధ్యలోంచి వదులు చేస్తూ కూర్చుంది. నేను కొన కనబడగానే పట్టుకుని లాగబోతే చెయ్యి అడ్డం పెట్టి, “లాగొద్దప్పా, లాగితే బిగుసుకుంటాది. వదులు చేసుకుంటా పోతే కొన అదే బయటికొస్తాది” అంది. ఆమె చిక్కును దులిపింది, ఒకసారి నోటితో ఊదింది, ఒక పోగును ఇంకో పోగు కిందినుంచి వేలి గోరుతో దాటించింది. చాలాసేపటి తర్వాత చిలప తేరుకుంది. అందులో ఒక్క పోగు కూడా తెగలేదు. ఆ చిక్కుకు ముందు ఎవరూ వేసిన రూపం లేదు కాబట్టి, దాన్ని విడదీయడంలో పోయేది కూడా ఏమీ లేదు. పనికిరాకుండా పడి ఉన్న పట్టు పనికి వచ్చింది, అంతే.

రెండవది నేసినదాన్ని తీయడం. మగ్గం మీద బొమ్మను నడిపించే చిల్లుల జకార్డు అట్టల వరుస తప్పి అంచులో నెమలి మెడ వంకర తిరిగిందనుకోండి. ఆ తప్పు నాలుగు వేళ్ల నేత తర్వాత కంటబడితే, నేతగాడు అక్కడి దాకా నేసిన పేకలను, అంటే అడ్డపోగులను, వెనక్కి తీయాలి. చివర పడిన పేక ముందు బయటికి రావాలి, ముందు పడిన పేక చివర రావాలి. ఈ వరుస మారితే పడుగులో, అంటే నిలువు పోగుల్లో, కొత్త చిక్కు పడుతుంది. పేక తీసినప్పుడల్లా పడుగు పోగులు ఒరుసుకుని నూగెక్కుతాయి కాబట్టి ఒకే చోట పదే పదే తీయడం కూడా కుదరదు. చీరకు ఇంత అని కూలి మాట్లాడుకున్నవాడికి తీసిన పనికి దమ్మిడీ రాదు. ఇక్కడ గమనించవలసిన విషయం ఏమిటంటే, పట్టు ఎక్కడికీ పోలేదు. తీసిన పేకను తూకం వేస్తే దాని బరువు దానికి ఉంటుంది. పోయింది అమరిక. పడుగూ పేకా కలిసి పట్టుకున్న పట్టే చీర. ఆ పట్టు సడలినప్పుడు చీర పోయి పోగులు మిగులుతాయి.

అన్‌రావెల్ అనే మాటకు మేలు, కీడు అనే రెండు లక్ష్యార్థాలు పుట్టింది ఈ రెండు పనుల్లోంచే. విడదీసేది చిక్కునైతే మేలు, నేతనైతే కీడు. చేతులు చేసే పని రెండు చోట్లా ఒకటే, అంతకు ముందు అక్కడ ఉన్నది ఏమిటన్నదే తేడా. పోలీసుల ముందున్న హత్య కేసు చిక్కుపడిన చిలప వంటిది కాబట్టి దాన్ని అన్‌రావెల్ చేస్తే అందరూ సంతోషిస్తారు. రెండు పార్టీల పొత్తు కుదుర్చుకున్న అమరిక కాబట్టి అది అన్‌రావెల్ అయిందని ఇంగ్లీషు పత్రిక రాస్తే, పక్కనే తెలుగు పత్రిక పొత్తు పెటాకులైందని రాస్తుంది.

వ్యాకరణం కూడా ఈ తేడాను కొంతవరకు బయటపెడుతుంది. ఛేదించడమనే అర్థంలో ఈ క్రియ చాలా తరచుగా సకర్మకంగా వస్తుంది. పోలీసులో, శాస్త్రవేత్తలో, ఎవరో ఒకరు పూనుకుని దేన్నో విప్పుతారు. చెడిపోవడమనే అర్థంలో అది ఎక్కువగా అకర్మకంగా వస్తుంది. పథకం దానంతటదే అన్‌రావెల్ అవుతుంది, వాక్యంలో చేసినవాడు కనిపించడు. ఇంగ్లీషులో రెండింటికీ క్రియారూపం ఒకటే కావడం వల్ల విద్యార్థి తికమకపడతాడు గానీ, తెలుగు ఈ పనిని క్రియలోనే వేరు చేసి చూపిస్తుంది. విప్పితే విడుతుంది, ఊడదీస్తే ఊడుతుంది, తెంచితే తెగుతుంది, చించితే చినుగుతుంది. చిన్నప్పటి నుంచి ఈ జంటలను తప్పు లేకుండా వాడుతున్న పిల్లలకు సకర్మక, అకర్మక భేదాన్ని మళ్లీ ఇంగ్లీషు పుస్తకంలోంచి బట్టీ పట్టించడం నాకు ఎప్పుడూ వింతగానే తోస్తుంది. అయితే ఇది కచ్చితమైన సూత్రం కాదు. మిస్టరీ మెల్లగా అన్‌రావెల్ కాసాగింది అని అకర్మకంగానూ రాస్తారు, ఫలానా నాయకుడు ఒప్పందాన్ని అన్‌రావెల్ చేశాడు అని సకర్మకంగానూ రాస్తారు. మొగ్గు ఎటు ఉందో చెప్పడమే నా ఉద్దేశం.

మేలూ కీడూ ఒకే చోట కలిసే సందర్భం ఒకటి ఉంది, నాకు ఈ మాటలో అన్నిటికంటే ఇష్టమైన భాగం అదే. నిందితుడు ఆ రాత్రి తాను ఊళ్లోనే లేనని ఒక కథ చెప్తాడు. విచారణ సాగేకొద్దీ ఆ కథ అన్‌రావెల్ అవుతుంది, ఆ కథ అన్‌రావెల్ అయ్యేకొద్దీ కేసు కూడా అన్‌రావెల్ అవుతుంది. మొదటి అన్‌రావెల్ నిందితుడికి చేటు, రెండవది విచారించేవాడికి గెలుపు, జరిగింది మాత్రం ఒక్కటే. అబద్ధాన్ని నేతగా చూడడం ఇంగ్లీషు వాడి సొత్తేమీ కాదు. మనమూ కథలు అల్లుతాం, కట్టుకథలు చెప్తాం. కట్టినదీ అల్లినదీ కాబట్టే కూపీ లాగితే అది విడుతుంది, తీగ లాగితే డొంకంతా కదులుతుంది. నోరు విప్పడం, గుట్టు విప్పడం, పొడుపు కథ విప్పడం అన్నీ మనకు ఒకే క్రియతో నడుస్తాయి. పొడుపుకు జవాబును ‘విడుపు’ అనడంలో కూడా ఉన్నది ఆ ధాతువే. ఆ మాటకొస్తే మన వార్తల్లో రోజూ వినిపించే ‘క్లూస్ టీమ్’లోని క్లూ కూడా నూలు మాటే. పాత ఇంగ్లీషులో దానికి నూలుండ అని అర్థం. గ్రీకు పురాణంలో థీసియస్ అనే వీరుడు దారీతెన్నూ తెలియని చిక్కుదారుల కట్టడంలోకి పోతూ నూలుండను విప్పుకుంటూ పోయి, ఆ పోగు పట్టుకునే వెనక్కి వచ్చాడు. ఆ కథ వల్లనే నూలుండ అన్న మాటకు ఆధారం అన్న అర్థం స్థిరపడింది.

ఇక ఉపసర్గ సంగతి. ‘అన్’ అనేది చేసినదాన్ని రద్దు చేసే ఉపసర్గ అని బడిలో నేర్పుతారు. ఆ లెక్కన ‘రావెల్’ అంటే చిక్కుపడడం, ‘అన్‌రావెల్’ అంటే చిక్కు విడడం కావాలి. కానీ ‘రావెల్’ అన్న మాటకే రెండర్థాలూ ఉన్నాయి. డచ్చి భాష నుంచి పదహారవ శతాబ్దంలో ఇంగ్లీషులోకి వచ్చిన ఈ మాట చిక్కుపడడానికీ పనికొచ్చింది, పోగులుగా విడిపోవడానికీ పనికొచ్చింది. షేక్‌స్పియర్ ‘మాక్‌బెత్’లో దీన్ని చిక్కుపడిన పట్టుపోగుకు విశేషణంగా వాడి, ‘హామ్లెట్’లో గుట్టు విప్పడం అన్న అర్థంలో వాడాడు. గుడ్డ అంచు పోగులు ఊడితే ఆ ఊడిన పోగులే మళ్లీ ఒకదానికొకటి చిక్కుపడతాయి కదా. చూసేవాడు ఊడడాన్ని చూస్తే ఒక అర్థం, చిక్కును చూస్తే ఇంకో అర్థం. కాబట్టి ‘అన్’ ఇక్కడ కొంత రద్దు చేస్తుంది, కొంత ఉన్న అర్థాన్నే నొక్కి చెబుతుంది. ‘లూస్’, ‘అన్‌లూస్’ రెండింటికీ వదులు చేయడమనే అర్థం ఉండడం కూడా ఇటువంటిదే. ఉపసర్గల పట్టికను వల్లె వేయించే మాస్టర్లకు ఇవి నచ్చవని నాకు తెలుసు.

లక్ష్యార్థాలకు ఉదాహరణలు లండన్ నుంచి తెచ్చుకోనక్కరలేదు. గుత్తి నుంచి పత్తికొండ పోయే దారిలో, కర్నూలు జిల్లా ఎర్రగుడి దగ్గర అశోకుడి శాసనాలున్న బండలు ఉన్నాయి. బ్రాహ్మీ లిపిని ఎడమ నుంచి కుడికి చదవాలి. జేమ్స్ ప్రిన్సెప్ 1837లో ఆ లిపిని ఛేదించిన తర్వాత దేశంలోని అశోక శాసనాలను పండితులు ఆ దిశలోనే చదువుతూ వచ్చారు. ఎర్రగుడి లఘు శిలాశాసనంలో మాత్రం కొన్ని పంక్తులు కుడి నుంచి ఎడమకు నడుస్తాయి. కాడెద్దులు చాలు చివర మళ్లినట్టు పంక్తి చివర మళ్లే ఇటువంటి రాతకు గ్రీకులు ఎద్దు మలుపు అనే పేరే పెట్టారు. అక్షరాలన్నీ తెలిసినవే, భాష తెలిసినదే, అయినా ఏ పంక్తిని ఏ కొన నుంచి పట్టుకోవాలో తెలిసేదాకా వాక్యం కుదరదు. అటువంటి రాతను చదివి అర్థం రాబట్టడాన్ని అన్‌రావెల్ అనడం ఎంతైనా సబబు.

చెడిపోవడమనే అర్థానికి పెనుకొండను చూపిస్తాను. 1565 జనవరిలో రక్కసి తంగడి యుద్ధంలో అళియ రామరాయలు చనిపోయాక విజయనగర సామ్రాజ్యం ‘కొలాప్స్’ అయిందని విద్యార్థులు రాస్తారు. కొలాప్స్ అంటే కప్పు కూలినట్టు ఒక్కసారిగా కుప్పకూలడం. హంపీ నగరానికి ఆ మాట సరిపోతుంది, రాజ్యానికి సరిపోదు. తిరుమలరాయలు పెనుకొండ నుంచి ఏలాడు. తర్వాత రాజధాని చంద్రగిరికి, వేలూరుకు జరిగింది. తిరుమలరాయల వంశమైన ఆరవీటి రాజులు పదిహేడవ శతాబ్దంలో కూడా చాలాకాలం రాయలమనే చెప్పుకున్నారు. ఈలోగా మధుర, తంజావూరు, జింజి నాయకులు ఒక్కొక్కరే స్వతంత్రులవుతూ వచ్చారు, మైసూరు ఒడయార్లు 1610లో శ్రీరంగపట్నాన్ని తీసుకున్నారు. కోటలు నిలిచే ఉన్నాయి, నాయకులు తమ తమ చోట్ల బలంగానే ఉన్నారు, పన్నులు వసూలవుతూనే ఉన్నాయి. వాళ్లందరినీ ఒక చోట పట్టి ఉంచిన పట్టు మాత్రమే ఒక్కో పోగుగా సడలింది. ఇదే వాక్యాన్ని ఇంగ్లీషులో రాయమంటే నేను కొలాప్స్ కొట్టేసి అన్‌రావెల్ అని రాస్తాను.

దీనికి దగ్గరి మాటల గురించి క్లుప్తంగా చెప్తాను. ‘అన్‌టై’ ఎవరో కావాలని వేసిన ముడికి మాత్రమే వస్తుంది. జారుముడైనా పీటముడైనా దానికి సరిపోతుంది. ‘అన్‌వైండ్’ దేనికో చుట్టినదాన్ని విప్పడం కాబట్టి కండెకు కుదురుతుంది, పని ముగిసి ఒళ్లు తేలికపరుచుకోవడానికీ కుదురుతుంది. ‘డిసెంటాంగిల్’లో మేలు తప్ప కీడు లేదు, అందువల్ల అది అన్‌రావెల్‌కు సగం మాత్రమే బదులు. ‘అన్‌డూ’ అన్నిటికంటే విశాలమైనది. చొక్కా గుండీ నుంచి కంప్యూటర్‌లో తుడిచిన పేరా దాకా అన్నిటికీ సరిపోతుంది, కానీ దాని నుంచి వచ్చిన ‘అన్‌డూయింగ్’ అన్న నామవాచకం మనిషి పతనానికి హేతువైనదాన్ని చెబుతుంది. మన భాషలో ఆ అర్థానికి ‘వాడి కొంప ముంచింది అదే’ అన్నంత సూటిగా ఇంకొకటి లేదు.

పరీక్ష రాసేవాళ్లకు ఒక మాట. భూతకాల రూపంలో బ్రిటిష్ వాళ్లు రెండు ‘ఎల్’ అక్షరాలు రాస్తారు, అమెరికా వాళ్లు ఒకటే రాస్తారు. రెండూ ఒప్పే గానీ, ఒకే జవాబు పత్రంలో ఒకసారి ఒకటీ ఇంకోసారి రెండూ రాసి దిద్దేవాళ్ల ఓపికను పరీక్షించకండి.