తలకోనలో గుప్పెడు వేరుశనగకాయలు

భాకరాపేటలో బస్సు దిగి తలకోనకు ఆటో అడిగితే రానూపోనూ తొమ్మిది వందలన్నాడు. ఎంత బతిమాలినా యాభై మాత్రమే తగ్గించాడు, అదీ రెండు గంటల్లో తిరిగి వచ్చేయాలన్న షరతుతో. ఎండాకాలం కావడంతో 270 అడుగుల జలపాతం సన్నటి ధారగా జారుతోంది. దాని కంటే, దారిలో బండ దగ్గర చూసిందే మనసులో ఉండిపోయింది.

ఇద్దరు కుర్రాళ్లు ట్రైపాడ్ మీద కెమెరా బిగించి ఉన్నారు. ఒకడు జేబులోంచి గుప్పెడు వేరుశనగకాయలు తీసి, సరిగ్గా కెమెరాకు కనిపించే చోట చల్లాడు. కోతులు ఎగబడ్డాయి. పెద్ద మగకోతి ఒక పిల్లకోతి చెవి కొరికేసింది, నెత్తురు వచ్చింది. రెండోవాడు మైకు పట్టుకుని, "కరువు కోరల్లో చిక్కిన అడవిలో బతుకు పోరాటం" అన్నాడు.

"కాయలు మీరే వేశారు కదా బాబూ?" అన్నాను.

"రోజంతా కూర్చున్నా అవి ఏమీ చేయవు సార్. ఎవరు చూస్తారు?" అన్నాడు, కోపం లేకుండానే.

జంతువుల చిత్రాల్లో కెమెరా ఎక్కడ పెట్టాలి, ఏ ముక్క ఉంచాలి అన్నది ఎప్పుడూ మనిషి నిర్ణయమే. దూరం నుంచి తీసిన దృశ్యానికి అడుగుల చప్పుడు స్టూడియోలో కలుపుతారు. దాన్ని నేను తప్పుపట్టను. కానీ 1958లో డిస్నీ వారి 'వైట్ వైల్డర్‌నెస్' కోసం లెమ్మింగులనే ఎలుకజాతి జంతువులను వేరే చోట కొని కెనడాలోని అల్బర్టాకు తెచ్చి, గట్టు మీద నుంచి నీళ్లలోకి తోసి, అవే దూకినట్టు చూపించారు. ఆ చిత్రానికి ఆస్కార్ కూడా వచ్చింది. కెనడా టీవీ వాళ్లు 1982లో ఈ సంగతి బయటపెట్టినా, లెమ్మింగులు మూకుమ్మడిగా ఆత్మహత్య చేసుకుంటాయని నేటికీ నమ్మేవాళ్లున్నారు. 2011లో బీబీసీ వారి 'ఫ్రోజెన్ ప్లానెట్' టీవీ ధారావాహికలో చూపిన అప్పుడే పుట్టిన ధ్రువపు ఎలుగు పిల్లలను నెదర్లాండ్స్ జూలో చిత్రీకరించారు. మంచుగుహలోకి కెమెరా దూరిస్తే తల్లికీ పిల్లలకూ ముప్పే కాబట్టి ఆ కారణం నాకు అర్థమవుతుంది. అయితే ఆ మాట తెర మీదే చెప్పి ఉండాల్సింది. మన తిరుపతి జూలో సింహాన్ని చూసి అడవిలో చూశానని ఎవరూ అనుకోరు.

కుర్రాళ్లు సామాను సర్దుకుని వెళ్లిపోయారు. ఆటో అతను రెండుసార్లు ఫోను చేశాడు. అయినా అక్కడే కూర్చున్నాను. కాయలు అయిపోయాక అరగంటలో ఒక్క కోతీ పోట్లాడలేదు. చెవి తెగిన పిల్లను తల్లి ఒళ్లో పడుకోబెట్టుకుని, నెత్తురంటిన చోట వెంట్రుకలు ఒక్కొక్కటిగా విడదీస్తోంది.