ఫోర్ట్ లీలో బొమ్మలు కదిలించిన వలస చేతులు

న్యూజెర్సీ నుంచి మాన్‌హట్టన్ ఉద్యోగాలకు వెళ్లే మనవాళ్లలో చాలామంది జార్జ్ వాషింగ్టన్ వంతెన ఎక్కేది ఫోర్ట్ లీలోనే. వంతెన రాకముందు అది సినిమా స్టూడియోల ఊరు. 1912లో కార్టూన్ చిత్రాలు తీసే ఎమీల్ కోల్ ఫ్రాన్స్ నుంచి అక్కడి ఎక్లేర్ స్టూడియోకి పనికి వచ్చాడు. అప్పటికి ఆయనకు 55 ఏళ్లు. జార్జ్ మెక్‌మానస్ పత్రికలో వేసే ‘న్యూలీవెడ్స్’ కామిక్‌ను తెర మీద కదిలించాలి, అదీ పని.

ఈ పనికి ముందు లెక్క తేలాలి. ఆనాటి వేగం సెకనుకు సుమారు 16 ఫ్రేములు, అంటే అడుగు రీలు. ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు తీస్తే గీత పని సగమవుతుంది. 1908లో కోల్ తీసిన ‘ఫాంటస్మగోరీ’ అనే కార్టూన్ చిత్రానికి 700 బొమ్మలు చాలింది అందుకే. కామిక్‌లో మాటల బుడగ ఇంకో వెసులుబాటు. ప్రేక్షకుడు చదివే 5 సెకన్లూ, అంటే 80 ఫ్రేములకు, ఒక్క కాగితం చాలు. అంతకు మించి ఆపితే హాస్యం చల్లారిపోతుంది.

అసలు తలనొప్పి వణుకు. కాగితం వెంట్రుకవాసి జరిగినా తెర మీద గోడలు ఊగుతాయి. మొదట్లో మూలల్లో ప్లస్ గుర్తులు వేసి, కంటితో సరిపెట్టేవారు. మాంట్రియల్ నుంచి న్యూయార్క్ వచ్చిన రౌల్ బారే దీనికి మేకులు పెట్టాడు. గీసే బల్లకూ కెమెరా బల్లకూ ఒకే కొలత మేకులు, కాగితాలన్నిటికీ అదే కొలతలో చిల్లులు. చిల్లు సాగిందా, వణుకు మళ్లీ మొదలు.

కింది నేపథ్యం కనిపించేలా పాత్రను పారదర్శకమైన సెల్యులాయిడ్ షీట్ల మీద గీయాలంటే అప్పట్లో పేటెంట్ ఫీజు కట్టాల్సి వచ్చేది. బారే దాన్నీ తప్పించుకున్నాడు. నేపథ్యం ఒక కాగితం మీద, పాత్ర మరో కాగితం మీద గీసి, పైకాగితంలో అడ్డొచ్చే భాగాన్ని కోసేస్తే కింది గీతలు కనిపిస్తాయి. పాత్ర తిరిగే చోట నేపథ్యం ఖాళీగా ఉంచాలి, లేకపోతే కుర్చీ గీత మనిషి పొట్టలోంచి పోతుంది. కోసిన అంచు లేచి నీడ పడకుండా పైన గాజుపలక నొక్కాలి. 1916 నుంచి వచ్చిన ‘మట్ అండ్ జెఫ్’ చిత్రాలు ఇలా తయారైనవే.

ఇంత చాకిరీకీ పేరు మాత్రం పత్రికలో కామిక్ వేసినవాళ్లదే. న్యూలీవెడ్స్ ప్రకటనల్లో మెక్‌మానస్, మట్ అండ్ జెఫ్‌కు బడ్ ఫిషర్. ఇది అన్యాయమే. కోల్ 1914లో ఫ్రాన్స్ వెళ్లిపోయాడు. ఆ మార్చిలోనే ఫోర్ట్ లీ స్టూడియోలో మంటలు లేచాయి. ఆయన కదిలించిన న్యూలీవెడ్స్‌లో ఒకటి రెండు తప్ప మిగలలేదు.