షాంపూ సీసా రాకెట్

మావాడి చార్టు వెనక్కొచ్చింది, అందుకే నిద్ర పట్టడం లేదు. అంతరిక్షం మీద ప్రాజెక్టు చెయ్యమంటే వాడు పాత పేపర్లు ముందేసుకుని, ప్రకటనలోని షాంపూ సీసాని కత్తిరించి రాకెట్ చేశాడు, నగల ప్రకటనలోని ముత్యాలేమో నక్షత్రాలు. "నెట్‌లోంచి కలర్ ప్రింట్లు తీసి నీట్‌గా అంటించాలి" అని ఎర్ర సిరాతో రాసి పంపారు. నీట్ అంటే ఏంటసలు? క్లాసంతా ఒకే బొమ్మ ప్రింట్ తీసి అంటిస్తే నీటా? మూడు సాయంత్రాలు కూర్చున్నాడు పిల్లాడు! ఏమీ అనకుండా చార్టు చుట్టి బీరువా పక్కన పెట్టేశాడు.

ఆ కోపంలోనే 'సైన్స్ ఫ్రిక్షన్' మళ్లీ చూశాను. అమెరికాలో స్టాన్ వాండర్‌బీక్ 1959లో తీసిన చిన్న సినిమా, పది నిమిషాలు కూడా ఉండదేమో. రష్యా వాళ్ల ఉపగ్రహం స్పుత్నిక్ ఎగిరి రెండేళ్లయింది, రెండు దేశాలూ రాకెట్ల పిచ్చిలో ఉన్నాయి. ఈయన పత్రికల్లో బొమ్మలు కత్తిరించి, కెమెరా కింద పరిచి, కొంచెం కొంచెం జరుపుతూ ఫ్రేము తర్వాత ఫ్రేము తీశాడు. పేరులోనే ఫిక్షన్‌ని ఫ్రిక్షన్ చేశాడు, రాపిడి అన్నమాట. కత్తెర పని కత్తెర పనిలాగే కనిపిస్తుంది, అదే నాకిష్టం.

తెనాలిలో అమ్మమ్మ ఇల్లు గుర్తొచ్చింది. రాకేష్ శర్మ అంతరిక్షంలోకి వెళ్లొచ్చిన 1984 వేసవి, నాకు రెండో తరగతి సెలవులు. వారపత్రికలో పౌడరు డబ్బా బొమ్మ కత్తిరించి, అన్నం మెతుకులతో గోడకంటించి, రాకేష్ శర్మ రాకెట్ అన్నాను. వెనకవైపు అమ్మమ్మ సీరియల్ ఉందని నాకేం తెలుసు? ఆవిడ ఆ పేజీలన్నీ వారం వారం పోగేసి దబ్బనంతో కుట్టి బైండు చేసుకునేది, వీధిలో వాళ్లకి అరువిచ్చేది కూడా. సరిగ్గా హీరో ఉత్తరం విప్పే చోట డబ్బా ఆకారంలో కన్నం. కొట్టలేదు. తడిగుడ్డ అద్ది బొమ్మ ఊడదీసి, మెతుకులంటని నాలుగు లైన్లు చదువుకుని, మళ్లీ నా చేతికే ఇచ్చింది.

రేపు స్కూలుకెళ్లి అడిగేద్దామనుకున్నాను. ఇది రాస్తుంటే టీచరమ్మ మీద కోపం తగ్గింది, ఆవిడ ఎన్ని సెక్షన్ల చార్టులు చూడాలో. గుచ్చుకుంటున్నది వేరే. చార్టు చూపించగానే "సరేలే, ప్రింట్లు తీయిద్దాం" అన్నది నేనే. వాడి మొహం కూడా చూడకుండా అనేశాను.

మావారు తెచ్చిన ప్రింట్లు టేబుల్ మీదే ఉన్నాయి. ఇప్పుడే చార్టు విప్పాను. షాంపూ సీసా మూత దగ్గర అంచు లేచింది. జిగురు రాసి పైన డిక్షనరీ పెట్టాను, వాడు లేచేసరికి ఆరుతుంది.