కుడి కన్ను

సండే స్కూల్లో బైబిల్లోని మత్తయి 5:29, "కుడి కన్ను నీచేత పాపం చేయిస్తే దాన్ని పెరికి పారేయి" అనే వచనం, కంఠతా పట్టించిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. అప్పుడు ఎనిమిదేళ్లు. పక్కింటి జామకాయలు చూసి ఆశపడ్డాను, కాబట్టి కుడి కన్ను పెరికి పారేయాలి. ఎడమ కన్ను ఏం పుణ్యం చేసుకుందో మరి! అమ్మమ్మని లేపి అడిగితే, "కన్ను పీకేస్తే ఆశ పోద్దేంట్రా, పడుకో" అని దుప్పటి కప్పేసింది.

ఓరిగెన్‌కి అలాంటి అమ్మమ్మ లేదేమో. మూడో శతాబ్దపు ఆ క్రైస్తవ పండితుడు యవ్వనంలో, పరలోక రాజ్యం కోసం తమను తామే నపుంసకులుగా చేసుకున్నవాళ్ల గురించి చెప్పే మత్తయి 19:12ని ఉన్నదున్నట్టు పాటించి నపుంసకుడైపోయాడని తొలినాటి సంఘ చరిత్రకారుడు యుసేబియస్ రాశాడు. అది నిజం కాదనే చరిత్రకారులూ ఉన్నారు. వింతేంటంటే, లేఖనాల్లో అక్షరాల వెనకున్న ఆత్మీయార్థం వెతకడంలో ఓరిగెనే మేటి. అదే వచనాన్ని అక్షరార్థంగా తీసుకోవద్దని తర్వాత తన వ్యాఖ్యానంలో చెప్పాడు కూడా.

నిన్న అమ్మమ్మ బైబిలు అటక మీంచి దించాను. గలతీయులకు 2:20 కింద ఎర్ర పెన్సిల్ గీత, "ఇకను జీవించువాడను నేను కాను" దగ్గర నూనె వేలి మరక. ఎవరా "నేను"? పొద్దున్నే పాలబ్బాయితో ఐదు రూపాయల చిల్లర కోసం గొడవపడ్డవాడేనా? అక్షరాలా చదివితే వాడు ఎప్పుడో చచ్చిపోయుండాలి. ఆత్మీయంగా చదివితే ఇంకా సుఖం, ఎవరూ చావక్కర్లేదు, గొడవా ఆపక్కర్లేదు. ఆత్మీయార్థం అంటే నాకు అనుమానం మొదలైంది అక్కడే.

పాలబ్బాయికి ఐదు రూపాయలు ఇంకా ఇవ్వలేదు.