కొటియాలో రెండు కార్డుల ఇల్లు

సాలూరు దాటి ఘాట్ ఎక్కి, ఆంధ్రా, ఒడిశా రెండూ మావేనంటున్న సరిహద్దు కొటియా ఊళ్లు చూసొచ్చాను. చోడి అంబలి పోసిన పెద్దావిడ చూరులో దోపిన సంచి తీసి రెండు రేషన్ కార్డులు చూపించింది, ఒకటి తెలుగులో, ఒకటి ఒడియాలో, ఇంట్లో మాట్లాడేదేమో కువి అనే గిరిజన భాష. 1936లో ఒడిశా ఏర్పడినప్పుడు సరిగ్గా సర్వే జరగని 21 ఊళ్లివి. 1968లో ఈ ఊళ్ల కోసం ఆంధ్రా మీద ఒడిశా సుప్రీంకోర్టుకెక్కితే 2006లో కేసు తేలకుండానే ముగిసింది. 2021లో ఆంధ్రా మూడు ఊళ్లలో పంచాయతీ ఎన్నికలు పెట్టడంతో మళ్లీ రచ్చ. "రెండు పక్కలా తింటున్నారు" అని కింద మైదానంలో వెక్కిరించేవాళ్లున్నారు గానీ, ఇన్నేళ్లు రోడ్డే లేక రోగుల్ని డోలీల్లో మోసినవాళ్లకి (వాళ్లనడిగి గీత గీసిందెవరు?) రెండు కార్డులు ఎక్కువేమీ కాదనే నా లెక్క.