కరెంటు పోయిందని ఎలివేటర్‌లో చెయ్యి పెట్టకండి

రైసుమిల్లులో బకెట్ ఎలివేటర్ (బెల్టుకి బిగించిన బకెట్లతో ధాన్యాన్ని పైకెత్తే యంత్రం) అడుగున ధాన్యం బిగుసుకుంటే తలుపు తీసి చేత్తో లాగేస్తుంటారు. కరెంటు లేకపోతే మరీ ధైర్యం. డీజిల్ జనరేటర్ (డీజీ) ఆటోలో ఉంటే సెకన్లలో అందుకుంటుంది. సెలెక్టర్ స్విచ్ ఆన్‌లోనే ఉండిపోయిందా, ఎవరూ నొక్కకుండానే మోటారు తిరుగుతుంది.

స్టాప్ బటన్ కాంటాక్టర్‌ని, అంటే మోటారుకి కరెంటు కలిపే స్విచ్‌ని, వదిలేయిస్తుంది, అంతే. ఫ్యూజు కటౌట్లు పీకి జేబులో వేసుకోవడం పాత పద్ధతి. ఉద్దేశం మంచిదే గానీ, పక్క బోర్డులోంచి అదే సైజు కటౌట్ తెచ్చి గుచ్చితే అయిపోయె. తాళం పడాల్సింది ఐసోలేటర్ (కరెంటును పూర్తిగా విడదీసే మెయిన్ స్విచ్) హ్యాండిల్‌కే. ముగ్గురు పనిచేస్తుంటే హాస్ప్ (ఒకేచోట చాలా తాళాలు పట్టే కొక్కెం) పెట్టి మూడు తాళాలు వేయాలి, ఎవరి తాళంచెవి వాళ్ల జేబులోనే. పేరు, పని, టైము రాసిన ట్యాగ్ కూడా కట్టండి. ఉత్త ట్యాగ్ మాత్రం ఎవరి చెయ్యీ ఆపదు.

తాళం వేశాక స్టార్ట్ నొక్కి చూడటం అవసరమే, కానీ అదొక్కటే చాలదు. ఐసోలేటర్‌లో ఒక బ్లేడు ఊడకుండా ఉండిపోతే మోటారు తిరగదు, ఫేజుకీ ఫేజుకీ మధ్య మీటరు సున్నా చూపించొచ్చు, అయినా వైరు ముట్టుకుంటే షాకే. అందుకే ప్రతి ఫేజునీ ఎర్త్‌కి కూడా కొలవాలి. కొలిచే ముందూ తర్వాతా మీటరును లైవ్ పాయింటు మీద పెట్టి, అది పనిచేస్తోందని చూసుకోవాలి. మోటారు వేగం మార్చే డ్రైవ్ ఉంటే 415 వోల్టుల సరఫరాకి లోపలి కెపాసిటర్లలో సుమారు 590 వోల్టుల డీసీ నిలిచి ఉంటుంది. దాని మీద రాసినన్ని నిమిషాలు ఆగి, కొలిచాకే మూత తీయండి.

ఇక అందరూ మరిచేది బరువు. పైకెళ్లే వైపు బకెట్ల నిండా ధాన్యం, దిగే వైపు ఖాళీ. గేర్‌బాక్సో, వెనక్కి తిరగకుండా ఆపే బ్యాక్‌స్టాపో విప్పారంటే బెల్టు ఒక్కసారిగా వెనక్కి పరుగెడుతుంది. ముందే బెల్టును క్లాంపులతో బాడీకి గట్టిగా బిగించాలి. గాలితో నడిచే గేటు ఉంటే వాల్వు మూసి, లైన్లో మిగిలిన గాలి వదిలేసి, ఆ వాల్వుకీ తాళం వేయాలి.

(ఇదేమీ విదేశీ ముచ్చట కాదు. ఆఫ్‌లోంచి పొరపాటున ఆన్‌లోకి జారే స్విచ్‌కి లాకింగ్ ఏర్పాటు ఉండాలని మన 1948 ఫ్యాక్టరీల చట్టం 24వ సెక్షన్‌లోనే రాశారు.)

షిఫ్టు మారితే వచ్చేవాడి తాళం పడ్డాకే వెళ్లేవాడు తనది తీయాలి. చివర్లో క్లాంపులు, పనిముట్లు తీసి, మనుషుల్ని లెక్కపెట్టి, యంత్రం మీది రక్షణ మూతలు (గార్డులు) బిగించి తాళాలు తీయండి. మోటారు వైర్లు విప్పి ఉంటే మాత్రం వీ-బెల్టులు వేయకముందే ఓసారి జాగ్ చేసి (క్షణం పాటు తిప్పి) దిక్కు చూడండి, మళ్లీ తాళాలు వేశాకే బెల్టులు ఎక్కించండి. ఫేజులు తారుమారై ఉల్టా తిరిగితే మొదటి దెబ్బ బ్యాక్‌స్టాప్‌కే.