ఈనెలు తీసిన చిక్కుడుకాయలు

ఆదివారం. పొద్దున టీవీ ముందు కూర్చున్నానో లేదో, అమ్మ చిక్కుడుకాయల పళ్ళెం తెచ్చి పక్కన పెట్టింది. చేతులు ఈనెలు తీస్తున్నాయి కానీ మనసంతా నిన్నటి రిహార్సల్ మీదే ఉంది. కొడుకు ఉత్తరం చదివి తండ్రి కుర్చీలో కూలబడే సీను. మూడుసార్లు చేశాను. మూడుసార్లూ నాకే అబద్ధంగా అనిపించింది. నాటక పరిషత్తు పోటీ దగ్గరపడుతోందని టెన్షన్.

రాత్రి నిద్రపట్టక రిషార్డ్ బొలెస్లావ్‌స్కీ 1933లో రాసిన చిన్న పుస్తకం మళ్ళీ చదివాను. నటన మీద ఆరు పాఠాలు. ఒక గురువూ, నేర్చుకోవాలని వచ్చిన ఒక అమ్మాయీ మాట్లాడుకునే మాటలే పుస్తకమంతా. మొదటి పాఠం ఏకాగ్రత, ఐదోది పరిశీలన. నేనెప్పుడూ మొదటి దాని దగ్గరే ఆగిపోతుంటాను.

బొలెస్లావ్‌స్కీ పోలండ్ మనిషి, 1889లో పుట్టాడు. మాస్కో ఆర్ట్ థియేటర్లో, నటనకు కొత్త పద్ధతి నేర్పిన రష్యన్ దర్శకుడు స్తానిస్లావ్‌స్కీ దగ్గర నటుడయ్యాడు. 1913లో అక్కడి ఫస్ట్ స్టూడియో అనే శిక్షణ విభాగం తొలి నాటకానికి దర్శకత్వం వహించేనాటికి పాతికేళ్ళు కూడా లేవు. రష్యా విప్లవం తర్వాత పోలండ్ చేరి, 1920లో వార్సా దగ్గర సోవియట్ ఎర్రసైన్యాన్ని వెనక్కి కొట్టిన యుద్ధం మీద 1921లో సినిమా తీశాడు. యుద్ధం జరిగి ఏడాది కూడా కాలేదు. ఆ సినిమాలో ఇప్పుడు కొంత భాగమే మిగిలింది. తలుచుకుంటే కడుపులో దేవినట్టవుతుంది. 1923లో న్యూయార్క్‌లో నటన నేర్పే బడి పెట్టాడు. తర్వాతి రోజుల్లో పేరున్న నటన గురువులైన లీ స్ట్రాస్‌బర్గ్, హాలీవుడ్ నటుడు మార్లన్ బ్రాండోకు నేర్పిన స్టెల్లా ఆడ్లర్ అక్కడ నేర్చుకున్నవాళ్ళే.

విక్టర్ హ్యూగో నవల మీద ఆయన హాలీవుడ్‌లో 1935లో తీసిన 'లే మిజరాబ్ల్' ఇవాళ పెట్టుకున్నాను. ఆశ్రయమిచ్చిన బిషప్ ఇంట్లోనే వెండి సామాను దొంగిలించిన మనిషిగా ఫ్రెడ్రిక్ మార్చ్. అమ్మ కాసేపు నిలబడి చూసింది.

"ఇది నాగయ్య గారి బీదల పాట్లు కథే కదరా!"

అవును, మనవాళ్ళు 1950లో తీసింది ఈ నవలనే. అమ్మ కూడా కూర్చుంది. ఇంత తీసిన బొలెస్లావ్‌స్కీ 1937 జనవరిలో, 47 ఏళ్ళకే, ఒక సినిమా మధ్యలో ఉండగా పోయాడని చెప్పాను. "అయ్యో, చిన్నవాడే" అంది.

అప్పుడే తమ్ముడు ఫోన్ చేశాడు. సంక్రాంతికి రావడం కుదరదట. "సరేలే నాన్నా, ఒళ్ళు జాగ్రత్త" అని అమ్మ ఫోన్ పెట్టేసింది. కూలబడలేదు, కళ్ళు తుడుచుకోలేదు. నేను ఈనెలు తీసి పక్కన పెట్టిన కాయలే దగ్గరికి లాక్కుని, ఒక్కొక్కటీ తీసి మళ్ళీ ఈనె కోసం వెతకసాగింది. అలా చాలాసేపు. సినిమా ఆపేసి అమ్మ చేతులే చూస్తూ ఉండిపోయాను.

రేపు రిహార్సల్లో కుర్చీ తీసేయమంటాను. ఉత్తరం చదివాక తండ్రి ఏం పని చేస్తాడో ఇంకా తేలలేదు. ఏదో ఒక పని చేస్తాడు, అప్పటికే అయిపోయిన పని.